విదేశీ భాషలో

పొద్దున్నే పుష్పం దోసెలు పోస్తోంది. పెనం మీద దోసె కన్నా ఆమె మొహమే ఎక్కువ మాడి ఉంది. కారణం, హాల్లో కూర్చుని టీ తాగుతున్న అక్కగారు.

ఆ అక్క, పుష్పం పిలుపులో అప్ప, శాంతాదేవి. నర్సు చదువుకని, తాతలు ఓడెక్కి వలసొచ్చిన ఈ జార్జ్ టౌన్ నుంచి లండన్ వెళ్ళి, అక్కడ నటి అయి కూర్చుంది. హీరోయిన్ అనుకునేరు, కాదు. కిరాణా కొట్టు ఆవిడ, పక్కింటి ఆవిడ, ఆసుపత్రి సీరియల్లో రెండో సీనుకే చచ్చిపోయే ముసలావిడ. ఆ దేశంలో ఆవిడ మొహం తెలియనివాళ్ళు తక్కువ, పేరు తెలిసినవాళ్ళు ఇంకా తక్కువ. ఇప్పుడు వేషాలు చాలించి వచ్చేసింది. అమ్మ పోయేదాకా ఉన్న వెనక గదిలో ఉండిపోతానంటోంది. పుష్పం ఔననలేదు, ఆ గది తలుపూ తీయలేదు. అక్క పెట్టె ఇంకా హాల్లోనే ఉంది.

ఆవేళ శాంత మళ్ళీ అడిగింది. పుష్పం పొయ్యి కట్టేసి, దోసె పళ్ళెం అక్క ముందు పెట్టింది.

"అమ్మని ఆకరిదాకా నానే సూసుకున్నాను. నువ్వు టీవీలో అగుపించినావు గానీ, ఇంట్లో అగుపించినావా అప్పా?"

ఫోన్లు చేసేదాన్నిగా అంది శాంత మెల్లగా. అమ్మకి ఫోన్లో వినపడేది కాదని ఇద్దరికీ తెలుసు. టీవీ మాత్రం వీధంతా మోగేలా పెట్టుకుని, పెద్దకూతురు వచ్చే సీరియల్ ఒక్కటీ వదిలేది కాదు. పుష్పం ఆ టీవీ ముందు ఒక్కనాడూ కూర్చోలేదు. అక్క మీద కోపంతో వంటింటి తలుపేసుకుని కూర్చునేది, తెరలో ఎవరేమన్నారో చెవిన పెట్టేది కాదు.

"ఆకర్న అమ్మకి బుర్ర నిలవలేదు," అంది పుష్పం. "టీవీతో మాటాడేది. తిన్నానమ్మా, నొప్పి తగ్గినాది, పడన్లే, పడన్లే, అని అరిసేది. నానొక్కత్తినే ఇనేదాన్ని. ఆ బాద నీకేటి తెలుస్తాది?"

శాంత కప్పు కింద పెట్టేసింది.

"ఏటన్నాది? మళ్ళీ సెప్పు."

పుష్పం మళ్ళీ చెప్పింది. శాంత కళ్ళు కూడా తుడుచుకోకుండా, చెల్లెలి కూతురు సుమితని పిలిచి, ఫోనులో ఒక పాత ఆసుపత్రి సీరియల్ తీయమంది. సుమితకి తెలుగు అర్థమవుతుంది గానీ నోరు తిరగదు. వెతికి, "ఇదే లా, పెద్దమ్మా" అని ఇక్కడి పిల్లల యాసలో అంటూ ముందు పెట్టింది.

మంచం మీద ఇంగ్లీషు రాని ముసలి రోగి వేషంలో శాంత. జ్వరంలో ఏదో ఒకటి అనాలి. నీ భాషలో ఏమైనా అనెయ్, ఎవరికీ అర్థం కానక్కర్లేదు అన్నాడట డైరెక్టరు. తెర కింద 'విదేశీ భాషలో మాట్లాడుతోంది' అని మాత్రం వేశారు. శాంత గొంతు గట్టిగా, చెవిటి మనిషికి చెప్పినట్టు వినిపించింది.

"అమ్మా, బువ్వ తిన్నావా? మోకాల్నొప్పి తగ్గినాదా? పుష్పం మీద సిరాకు పడకమ్మా. అది ఒక్కత్తే అన్నీ సేస్తన్నాది."

పుష్పం అక్క పక్కన నేల మీద కూర్చుంది. అమ్మకి బుర్ర పోలేదు. అడిగినదానికి జవాబు చెప్పింది, అంతే. పడన్లే అన్నది తన మీద చిరాకు గురించే. ఆ రోజుల్లోనే అమ్మ కసరడం మానేసి, అన్నం తినిపిస్తున్న తన చెయ్యి నిమరడం మొదలుపెట్టింది. వయసు మీద పడి మెత్తబడిందనుకుంది తను.

"మన బాసలో మాటాడమన్నప్పుడల్లా అమ్మనే ఏదో ఒకటి అడిగేదాన్ని," అంది శాంత. "ఇనపడతాదో లేదో తెలీదు. జవాబు ఇయాల్టికి ఇన్నాను."

పుష్పం అక్క ఒళ్ళో తల పెట్టి వెక్కి వెక్కి ఏడ్చింది. శాంత కూడా ఏడ్చింది, ఈసారి నటన లేకుండా. కాసేపటికి పుష్పం లేచి, మొహం కడుక్కుని, పెట్టెని తనే ఈడ్చుకుంటూ వెళ్ళి వెనక గది తలుపు తీసింది. బీరువాలో చోటు చేస్తున్న చప్పుడు హాల్లోకి వినిపించింది.

"అప్పా, తిన్నావా?" లోపల్నుంచి అరిచింది పుష్పం.

ఎన్నో ఏళ్ళుగా తెర మీంచి తను అమ్మని అడిగిన ప్రశ్న అది. శాంత చల్లారిపోయిన దోసె తుంచి నోట్లో పెట్టుకుని, అంతే గట్టిగా జవాబు చెప్పింది.

"తింతన్నానమ్మా. నువ్వు తిన్నావా?"