చెప్పని కబురు

శనివారం ఒంటిపూట బడి. కమల ఇంటికొచ్చి, అన్నం తిని, గడప మీద కూర్చుని నోట్‌బుక్కు తెరిచింది. నాచారంలో వాళ్ళది రెండు గదుల అద్దె ఇల్లు. అమ్మ రాజ్యం చిల్కానగర్‌లో ఉన్న చెల్లెలింటికి వెళ్ళింది. నాన్న బిక్షపతి రైల్వే వర్క్‌షాపులో డ్యూటీలో ఉన్నాడు.

ఆ నోట్‌బుక్కులో రైల్వే జట్టుకు నాన్న ఆడిన బాస్కెట్‌బాల్ మ్యాచ్‌లన్నీ ఉన్నాయి. తేదీ, ఊరు, ఎవరి మీద ఆడారు, నాన్న ఎన్ని పాయింట్లు చేశాడు, అన్నీ రాసింది. తాను పుట్టకముందు ఆడినవి నాన్నను అడిగి, పాత పేపరు ముక్కలు చూసి రాసుకుంది. చివరి వరుసలో నూట తొంభై తొమ్మిది. దాని కింద ఎర్ర పెన్నుతో రెండు వందలు అని ముందే వేసి పెట్టింది. ఆ మ్యాచ్ రేపే.

బిక్షపతి మొదట ఆడింది బాస్కెట్‌బాల్ కాదు. నాగారం దగ్గరి పల్లెలో ఉన్నప్పుడు కబడ్డీ ఆడేవాడు. ఎడమ భుజం జారడంతో కబడ్డీ మానాల్సి వచ్చింది. వాలీబాల్ పట్టుకున్నాడు. అందులో జిల్లా జట్టు దాకా వెళ్ళాడు. ఆ ఆట చూసి రైల్వే వాళ్ళు ఉద్యోగమిచ్చారు. ఒకరోజు బాస్కెట్‌బాల్ జట్టులో ఒక మనిషి తక్కువయ్యాడు. ఆరడుగుల రెండంగుళాల బిక్షపతిని "ఇవాళ్టికి నిలబడు" అని కోర్టులోకి దింపారు.

అది జరిగి పద్నాలుగేళ్ళు. పొద్దున వర్క్‌షాపులో పని, సాయంత్రం ప్రాక్టీసు. ఆయనతో పాటు జట్టులో చేరినవాళ్ళంతా ఎప్పుడో మానేశారు. ముప్పై ఏడేళ్ళ బిక్షపతి మాత్రం ఇంకా ఆడుతూనే ఉన్నాడు. ఏటా డిపార్టుమెంటు పోటీల్లో హైజంపు కూడా దూకేవాడు.

రెండు వందల సంగతి కమల క్లాసులో అందరికీ చెప్పింది. క్లాస్ లీడర్ తారామణి మాత్రం పెదవి విరిచింది.

"గా లెక్క నువ్వు రాసుకున్నదే గద. నిజమని ఎట్ల తెలుస్తది?"

"రేపు వచ్చి సూడు. మైకుల గూడ చెప్తరు."

"వస్త. మా అన్నను గూడ తీస్కొస్త."

తారామణితో పాటు ఇంకో నలుగురు వస్తామన్నారు. అప్పటి నుంచి కమలకు కాలు ఒకచోట నిలవడం లేదు.

ఇంటి ముందు స్కూటరు ఆగింది. జట్టు కోచ్ అచ్యుతరావు. ఆయనది బందరు వైపు.

"నాన్న లేడామ్మా?"

"డ్యూటీకి పోయిండు సార్. పొద్దుగూకినంక వస్తడు."

అచ్యుతరావు గడియారం చూసుకున్నాడు. "నేను రైల్వే ఆసుపత్రి నుంచే వస్తున్నాను. మీ నాన్న మోకాలి ఎక్స్‌రే రిపోర్టు సోమవారం ఇస్తామన్నారు గానీ, ఇవాళే వచ్చేసింది. మోకాలి చిప్పకి వెంట్రుకంత చీలిక ఉందట. నెల రోజులు ఆడకూడదు. రేపు మ్యాచ్‌కి రావద్దని చెప్పు. దామోదర్‌ని సిద్ధంగా ఉండమన్నాను. నేను ఇప్పుడే జూనియర్ పిల్లల్ని తీసుకుని విజయవాడ వెళ్తున్నాను, బుధవారం దాకా రాను. మరిచిపోవుగా?"

"మరువను సార్."

స్కూటరు వెళ్ళిపోయింది. కమల ఎర్ర పెన్నుతో వేసిన అంకె వైపే చూస్తూ కూర్చుంది.

పొద్దుగూకాక బిక్షపతి సైకిలు నెట్టుకుంటూ వచ్చాడు. ఎడమ కాలు కొంచెం ఈడుస్తున్నాడు. కాళ్ళు కడుక్కుని అడిగాడు.

"ఎవరన్న వచ్చిన్రా బిడ్డా?"

చెప్పాలనే అనుకుంది కమల. అంతలోనే తారామణి ముఖం కళ్ళ ముందు మెదిలింది. ఒక్క మ్యాచే కదా. రేపు సాయంత్రం చెప్తే సరిపోదా? ఆ తర్వాత నెలంతా పండుకోవచ్చు.

"ఎవరు రాలే నాయినా."

"మోకాలు జర గుంజుతుంది. రేపొక్కరోజు నెట్టుకొస్త. నీ దోస్తులు గూడ వస్తున్నరు గద" అని నవ్వాడు బిక్షపతి.

ఆదివారం మెట్టుగూడ రైల్వే గ్రౌండులో మ్యాచ్ మొదలైంది. సిమెంటు కోర్టు చుట్టూ జనం నిలబడ్డారు. దామోదర్ ఆడటానికి తయారై వచ్చాడు. బిక్షపతి కూడా బూట్లు కట్టుకోవడం చూసి ఆశ్చర్యపోయాడు గానీ, పెద్దవాడిని ఏమడుగుతామని బెంచీ మీద కూర్చున్నాడు. బిక్షపతికి ఇది రెండు వందలవ మ్యాచ్ అని మైకులో చెప్పారు. అందరూ చప్పట్లు కొట్టారు. తారామణి కూడా కొట్టింది. కమల వీపు నిటారుగా పెట్టి కూర్చుంది.

మొదటి సగంలో బిక్షపతి ఎనిమిది పాయింట్లు చేశాడు. రెండో సగం మొదలైన కాసేపటికి, రింగుకు తగిలి వెనక్కి వచ్చిన బంతి కోసం పైకి ఎగిరాడు. బంతి చేతికి అందింది. ఎడమ కాలి మీద దిగాడు. సన్నగా ఏదో విరిగిన చప్పుడైంది. తర్వాత ఆయన పడిపోయిన చప్పుడు.

ఆయన లేవలేదు. అరవలేదు కూడా. మోకాలు రెండు చేతులతో పట్టుకుని ఆకాశం వైపు చూస్తున్నాడు. దామోదర్, ఇంకో ముగ్గురు ఆయనను ఎత్తుకుని బయటికి తెచ్చారు.

చిప్ప రెండు ముక్కలైందన్నారు ఆసుపత్రిలో. ఆపరేషన్ చేసి తీగ వేశారు. నాలుగు నెలల్లో నడుస్తాడని డాక్టరు రాజ్యానికి చెప్పాడు. బాస్కెట్‌బాల్ సంగతి ఆమె అడిగితే తల అడ్డంగా ఊపాడు. ఎగిరే ఆట ఏదీ ఇక వద్దన్నాడు.

బుధవారం సాయంత్రం అచ్యుతరావు ఆసుపత్రికి వచ్చాడు. అమ్మ మందులు తేవడానికి వెళ్ళింది. కమల మంచం పక్కన టీ ఫ్లాస్కు పట్టుకుని నిలబడి ఉంది. ఆయనను చూడగానే మంచం వెనక్కి జరిగింది.

"ఆడొద్దని శనివారమే కబురు పెట్టాను కదయ్యా. అందలేదా?"

బిక్షపతి కూతురి వైపు చూశాడు. కమల తల దించుకుంది. ఆయన కోచ్ వైపు తిరిగాడు.

"అందింది సార్. తప్పు నాదే."

అచ్యుతరావు ముఖం మాడిపోయింది. "వచ్చే నెల నుంచి జూనియర్ పిల్లల్ని నీకు అప్పజెప్పాలనుకున్నాను. పైవాళ్ళకి నీ పేరు కూడా చెప్పాను. కోచ్ మాట వినని మనిషి రేపు పిల్లలకేం నేర్పుతాడు? నీ దగ్గర ఇది ఊహించలేదు."

అచ్యుతరావు పళ్ళ సంచి బల్ల మీద పెట్టి వెళ్ళిపోయాడు. ఆయన కోసం వరండాలో జట్టువాళ్ళు ఇద్దరు నిలబడి ఉన్నారు. వాళ్ళ మాటలు కిటికీలోంచి వినబడ్డాయి.

"రెండొందల పిచ్చి పట్టింది అన్నకు. పేరు కోసం కాలు పోగొట్టుకున్నడు."

కమల ఫ్లాస్కు కింద పెట్టింది. "నాయినా, సార్ వచ్చి చెప్పిండు. నేనే నీకు..."

"తెలుసు బిడ్డా."

"నన్ను కొట్టవా?"

"కొడితే చిప్ప అతుకుతదా?"

ఆ మాట కోపంగా అనలేదు. అందుకే కమలకు ఏడుపు ఆగలేదు. బిక్షపతి ఆమె తల మీద చెయ్యి వేసి, ఏడుపు తగ్గేదాకా ఆగాడు.

"ఇన్నేండ్లు ఎట్ల ఆడినవని అందరు అడుగుతరు. ఆగమన్నప్పుడు ఆగిన, గంతే. ఒకసారి మడిమె గుంజితే ఆరు మ్యాచ్‌లు బెంచి మీదనే కూసున్న. నీకు జ్వరమొచ్చినప్పుడు మద్రాసు మ్యాచ్‌కు పోలే. నేను ఆడినయే నువ్వు రాసుకున్నవ్. కూసున్నయి రాయలే." కిటికీ వైపు తిరిగి అన్నాడు. "నాకైతే ఇంకో రెండేండ్లు ఆడాలనుండె."

కమల కళ్ళు తుడుచుకుంది.

"మరి సార్‌తోటి గట్ల ఎందుకన్నవ్?"

"పదకొండేండ్ల పిల్ల మీద గంత మోపు ఎట్ల పెడ్త? నేను మోస్త తియ్."

రెండు రోజులు కమల సరిగా తినలేదు. బళ్ళో తారామణి దగ్గరికొచ్చి, "మీ నాయిన ఎట్లున్నడు?" అని మెల్లగా అడిగింది. ఆ పిల్ల ముఖంలో వెక్కిరింత ఏమీ లేదు. ఈ పిల్లకు చూపించడానికా అంత పని చేశాను అనుకుంది కమల.

శుక్రవారం బడి నుంచి రాగానే అమ్మకు అంతా చెప్పేసింది. రాజ్యం చేతిలో చాట ఉంది. బియ్యం ఏరడం ఆపి వింది. చాట పక్కన పెట్టింది.

"ఇప్పుడేం చేద్దామనుకుంటున్నవ్?"

"గ్రౌండుకు పోత. సార్‌కు చెప్త."

"నేను రానా?"

"వద్దమ్మా. నేనే చెప్పాలె."

రాజ్యం ఆమెకు జడ వేసి, నాచారం స్టాపులో బస్సెక్కించింది. మెట్టుగూడలో దించమని కండక్టరుకు రెండుసార్లు చెప్పింది.

కమల వెళ్ళేసరికి ప్రాక్టీసు నడుస్తోంది. ఒక పక్క పెద్ద జట్టు, ఇంకో పక్క జూనియర్ పిల్లలు. అచ్యుతరావు విజిల్ మెడలో వేసుకుని మధ్యలో నిలబడి ఉన్నాడు. కమలను చూసి కంగారుగా దగ్గరికొచ్చాడు.

"ఏమ్మా, నాన్నకెలా ఉంది?"

"మంచిగనే ఉన్నడు సార్." "మీరు చెప్పిన మాట నేను నాయినకు చెప్పలే. ఎవరన్న వచ్చిన్రా అని అడిగిండు. ఎవరు రాలే అన్న."

అచ్యుతరావు ఆమె వైపే చూస్తూ ఉండిపోయాడు.

"మరి కబురు అందిందన్నాడే?"

"నన్ను ఏమన్న అంటరని గట్ల అన్నడు. నాయినకు ఏం తెల్వదు సార్. తెలిస్తే ఆడకపోతుండె."

ఆయన విజిల్ తాడు వేలికి చుట్టుకున్నాడు, విప్పాడు.

"నేనూ ఒక చీటీ రాసి పెట్టి ఉండాల్సింది. చిన్నపిల్ల మీద అంత పని పెట్టాను. సరే తల్లీ, రేపు ఆసుపత్రికి వచ్చి మీ నాన్నతో మాట్లాడతాను. ఇంక నువ్వు ఇంటికి వెళ్ళు, చీకటి పడుతుంది."

కమల కదల్లేదు.

"సార్, అందరిని పిలువుండ్రి. నాయినకు పేరు పిచ్చి అనుకుంటున్నరు వాళ్ళు."

"నేను చెప్తాన్లే అమ్మా."

"నేను చెప్త సార్."

అచ్యుతరావు విజిల్ ఊదాడు. పెద్దవాళ్ళు, పిల్లలు చెమటలు తుడుచుకుంటూ వచ్చి చుట్టూ నిలబడ్డారు. ఆసుపత్రి వరండాలో మాట్లాడిన ఇద్దరూ వాళ్ళలో ఉన్నారు. దామోదర్ బంతిని కాలి కింద తొక్కిపట్టి ఆపాడు. అంతమంది పొడుగువాళ్ళ మధ్య కమల తల ఎత్తి నిలబడింది. చేతులు వెనక్కి కట్టుకుని, శనివారం మధ్యాహ్నం స్కూటరు ఆగిన దగ్గర మొదలుపెట్టింది. ఒక్క మాట కూడా దాటవేయకుండా చెప్పుకుపోయింది. ఎవరు రాలే అన్న మాట దగ్గర ఒకసారి ఆగి, మిగతాది కూడా చెప్పింది.