సలాదిన్ పంపిన మంచు

జెర్సీ సిటీ నుంచి మాన్‌హాటన్ వెళ్లే పొద్దుటి రైల్లో ప్రొఫెసర్ బెర్నార్డ్ కోల్బీ కిటికీకి తల ఆనించి నిద్రపోతున్నట్టే కనిపించాడు. ఆఖరి స్టేషన్‌లో అందరూ దిగిపోయాక కండక్టర్ వచ్చి భుజం తట్టాడు. ప్రొఫెసర్ పక్కకి ఒరిగిపోయాడు. మెడ వెనక, కాలర్ కింద, దోమ కుట్టినంత ఎర్రటి చుక్క ఒకటి ఉంది.

మధ్యాహ్నానికి ఏజెంట్ జ్ఞానప్రసూనకి పిలుపొచ్చింది.

నది ఒడ్డున ఉన్న టవర్‌లో ఆ ఆఫీస్ తలుపు మీద ‘కోరల్ సాఫ్ట్ కన్సల్టింగ్’ అని బోర్డు ఉంటుంది. లోపల జరిగేది కౌంటర్ ఇంటెలిజెన్స్. అయినా వీసా స్పాన్సర్ చేస్తారా అని రోజూ ఫోన్లు వస్తూనే ఉంటాయి. సెక్షన్ చీఫ్ భీమశంకరం తెనాలి మనిషి. సగం జీవితం అమెరికా ప్రభుత్వ రహస్యాలు మోస్తూ గడిపేశాడు.

“కూర్చో అమ్మాయ్. పోయినాయన క్రూసేడ్ల చరిత్రలో పెద్ద అథారిటీ. చంపింది ఔట్‌రిమర్.”

ఆ పేరు ప్రసూనకి బాగా తెలుసు. జెరూసలేం కోసం ముస్లింలతో పోరాడిన క్రూసేడర్లు మధ్యధరా సముద్రం తూర్పు తీరంలో గెలుచుకున్న రాజ్యాలకి ఆనాటి పేరు అది. ఇప్పుడు యూరప్‌లో కూర్చుని దొంగ ఆయుధాలు అమ్మే ముఠా ఒకటి ఆ పేరు తగిలించుకుంది. ఒక చేత్తో శిలువ గుర్తు వెబ్‌సైట్లని పోషిస్తుంది, ఇంకో చేత్తో జిహాద్ వీడియోలు తీయిస్తుంది. ఇద్దరూ ఎంత రగిలితే దానికి అంత బేరం. కిందటేడు మార్సేల్స్‌లో ప్రసూన పార్ట్‌నర్‌ని కాల్చి సముద్రంలో పడేసింది కూడా వాళ్లే.

“మిషన్ ఏంటి సార్?”

“శనివారం కాలిఫోర్నియాలో, శాంటా క్లారాలో మూడో క్రూసేడ్ మీద మ్యూజియం ఎగ్జిబిషన్ ఓపెనింగ్. జాఫాలో ఇంగ్లండ్ రాజు రిచర్డ్ జ్వరంతో మంచం పట్టినప్పుడు శత్రువైన సుల్తాన్ సలాదిన్ అతనికి పళ్లూ, కొండ మంచూ పంపించాడు. ఆ సీన్ మళ్లీ చేసి చూపిస్తారట. ఇమామ్ వెండి గిన్నె ఇస్తాడు, బిషప్ పుచ్చుకుంటాడు. టీవీల్లో లైవ్.”

“అటాక్ ఎటు నుంచి?”

“తూర్పు గేటు దగ్గర షూటర్ ఉంటాడని మన ఇన్‌ఫార్మర్ కృష్ణవేణి చెప్తోంది. ఈవెంట్ మేనేజర్ ఆవిడే.”

“మరి ప్రొఫెసర్‌ని ఎందుకు చంపినట్టు?”

“అదే అంతు చిక్కడం లేదు. చివరి వారమంతా మ్యూజియం వాళ్లతో ఒకటే పోట్లాట. గిన్నెలో నిజమైన మంచే ఉండాలట. సియెర్రా కొండల నుంచి ట్రక్కులో తెప్పించే ఏర్పాటు కూడా చేశాడు. చాదస్తం.” భీమశంకరం ఒక పౌడర్ డబ్బా ఆమె ముందుకి తోశాడు. “జామర్. నొక్కితే హాల్లో ఏ రిమోటూ పనిచెయ్యదు. చార్జ్ మాత్రం ఎక్కువసేపు నిలవదు. జాగ్రత్త.”

శాంటా క్లారాలో ఫిబ్రవరి ఎండ ఆహ్లాదంగా ఉంది. మనుషులే మండిపోతున్నారు. మ్యూజియం ముందు ఒక పేవ్‌మెంట్ మీద ‘జెరూసలేం మాది’ అన్న ప్లకార్డులు, ఎదుటి పేవ్‌మెంట్ మీద ‘హత్తీన్ మర్చిపోయారా’ అంటూ సలాదిన్ క్రూసేడర్లని ఓడించిన యుద్ధం గుర్తుచేసే ప్లకార్డులు. మధ్యలో గుర్రాల మీద పోలీసులు. ఎవరో విసిరిన సీసా ప్రసూన కాళ్ల దగ్గర పగిలింది. పొట్టి జుట్టు విగ్గు, మెడలో రెండు కెమెరాలు. తెలుగు పత్రిక ఫొటోగ్రాఫర్ వేషంలో ఆమె లోపలికి నడిచింది.

కృష్ణవేణి ఎదురొచ్చింది. హాల్లో సగం మంది చూపులు ఆమె వెంటే వచ్చాయి. ముదురాకుపచ్చ పట్టుచీర, చెవులకి రవ్వల దుద్దులు, మనిషిని అంచనా కట్టే నవ్వు.

“చీర ఉప్పాడదా అండీ?” ప్రసూన కోడ్ వాక్యం అడిగింది.

“కాదు, వెంకటగిరి.” కృష్ణవేణి గొంతు తగ్గించింది. “తూర్పు గేటు దగ్గర తెల్ల వ్యాన్. అందులోనే ఉన్నాడు. మీ వాళ్లందర్నీ అటు పంపండి. ఇక్కడ నేను చూసుకుంటాను.”

ప్రసూన కాలర్ మైక్‌లో ఆర్డర్ ఇచ్చింది. ఏజెంట్లు ఒక్కొక్కరే హాలు ఖాళీ చేసి వెళ్లిపోయారు.

స్టేజి పక్కన ఇమామ్ ఖాదర్‌వలీ విసుగ్గా కూర్చుని ఉన్నాడు. కర్నూలు నుంచి వచ్చి ఏళ్ల తరబడి ఇక్కడి మసీదులో పనిచేస్తున్న పెద్దాయన. తెలుగు మొహం కనబడగానే ప్రాణం లేచొచ్చినట్టుంది.

“ఏమ్మా, నువ్వన్నా చెప్పు. మంచు పట్టుకునేదానికి ఈ లావు గ్లవ్స్ ఎందుకమ్మా? ఆ కృష్ణవేణమ్మ ఏసుకోమంటాది. ఉత్త చేత్తో ముట్టుకుంటే కాల్తాదంట! మంచు కాల్తాదా ఎక్కడన్నా?”

“కాలదు మామా,” అంది ప్రసూన. అంటూనే ఆగిపోయింది.

కాలేది డ్రై ఐస్. గడ్డకట్టించిన కార్బన్ డయాక్సైడ్, పొగలు కక్కుతుంది. దాని చాటున ఇంకే పొగ వచ్చినా ఎవరికీ అనుమానం రాదు. ప్రొఫెసర్ బతికుంటే ఆ గిన్నె చూసిన మరుక్షణం ఇదేంటని అరిచేవాడు. అందుకే ఆయన్ని రైల్లోనే ఆపేశారు. ముస్లిం చేత్తో ఇచ్చిన గిన్నె, క్రైస్తవుడి చేతిలో విషం కక్కితే, ఆ వీడియో ప్రపంచమంతా చూస్తే, ఇక వాళ్ల తుపాకులు అమ్ముడుపోని ఊరంటూ ఉండదు.

చప్పట్లు మోగాయి. తల తిప్పేసరికి ఇమామ్ స్టేజి ఎక్కేశాడు. తెల్లటి పొగ గిన్నె అంచుల మీద నుంచి జారుతోంది. బిషప్ కెల్లర్ చేతులు చాచాడు. దూరంగా ఎగ్జిట్ తలుపు దగ్గర కృష్ణవేణి. ఆమె చేతిలో కారు తాళంచెవి.

ప్రసూన పౌడర్ డబ్బా నొక్కి పరిగెత్తింది.

సెక్యూరిటీ గార్డు ఆమె నడుం పట్టుకున్నాడు. కెమెరాతో అతని మోచేతి మీద ఒక్కటిచ్చింది. జనం కేకలు వేశారు. ఎవరో “టెర్రరిస్ట్!” అని అరిచారు. గిన్నె లాక్కుంటే వెండి చలికి అరచేతుల చర్మం అంటుకుపోయింది. అయినా వదల్లేదు. వేడుక అయ్యాక గిన్నెని ప్రదర్శనకి పెట్టాలని స్టేజి మీదే గాజు కేస్ ఒకటి తెరిచి ఉంచారు. పాత వస్తువులు పాడవకుండా గాలి చొరని కేస్. ప్రసూన గిన్నెని అందులోకి తోసి, మూత పడేసి, తాళం తిప్పింది.

అదే క్షణంలో పౌడర్ డబ్బా మీది దీపం ఆరిపోయింది.

టక్.

గాజు లోపల పసుపుపచ్చటి పొగ గిర్రున తిరిగి పైకి లేచింది. చూస్తుండగానే కేస్ నిండిపోయింది. మూత అంచు నుంచి వెంట్రుక వాసి కూడా బయటికి రాలేదు.

కృష్ణవేణి ఇంకా తాళంచెవి నొక్కుతూనే ఉంది. తూర్పు గేటు నుంచి తిరిగొచ్చిన ఏజెంట్లు ఆమె చేతులు వెనక్కి విరిచారు. వ్యాన్‌లో ఎవరూ లేరట.

“ప్రొఫెసర్‌ని మీవాళ్లేగా చంపింది?” ప్రసూన చేతులు మంటెత్తిపోతున్నాయి.

“పెద్దాయన. ఎలాగూ పోయేవాడే.” కృష్ణవేణి చెదిరిన చెంగు కూడా సర్దుకోలేదు. “హీరోయిన్‌లా ఫీలవకండి ప్రసూన గారూ. బయట చూశారుగా. వాళ్లు ఎనిమిది వందల ఏళ్లుగా కొట్టుకుంటున్నారు. మేం జస్ట్ డేట్ ఫిక్స్ చేశామంతే.”

“మార్సేల్స్‌లో నా పార్ట్‌నర్‌కి కూడా డేట్ మీరే ఫిక్స్ చేశారు.”

“వాడా?” కృష్ణవేణి నవ్వింది. “నీ పేరు పిలుస్తూ చచ్చాడు.”

ప్రసూన చెయ్యి లేచింది. బొబ్బలెక్కిన అరచెయ్యి ఆమె చెంప దగ్గరికి వెళ్లి ఆగింది. మెల్లగా దించేసింది.

“తీసుకెళ్లండి. నా కళ్లముందు ఉంచకండి.”

పారామెడిక్ చేతులకి కట్టు కడుతుండగా ఫోన్ మోగింది. అతనే దాన్ని ఆమె చెవి దగ్గర పెట్టాడు.

“శభాష్ అమ్మాయ్! ఇమామ్, బిషప్ ఇద్దరూ క్షేమమేగా?” భీమశంకరం గొంతు.

“క్షేమమే సార్. గ్రీన్‌రూమ్‌లో ఉన్నారు. ఒకరి మీద ఒకరు అరుచుకుంటున్నారు.”

“దేని గురించి?”

“ఏకర్ కోట లొంగిపోయినప్పుడు ముందు మాట తప్పింది రిచర్డా, సలాదినా అని.”

అంతలో గ్రీన్‌రూమ్ నుంచి కేకలు ఇంకా పెరిగాయి.

“ఆపమంటారా సార్?”

“వద్దు. పోప్‌ల వల్లా, సుల్తాన్ల వల్లా కాలేదు. మన డిపార్ట్‌మెంట్‌కి అంత బడ్జెట్ ఎక్కడిది!”