ఖాళీ ఇంటికి హోడీ

నైరోబీలో ఇంటివాళ్లు ఊరెళ్తే వాళ్ల కుక్కల్ని చూసుకునే సిట్టర్లకు మొరా శిక్షణ ఇచ్చేది. మెడపట్టీల నుంచి కుక్కల నిద్ర, తిండి, గుండె వేగం ఆమె కంప్యూటర్‌కు చేరేవి. ఎవరి దగ్గర కుక్క హాయిగా ఉందో, ఎవరి దగ్గర బెంగపెట్టుకుందో ఇట్టే తెలిసిపోయేది. మనుషులు మొహమాటానికి అబద్ధమాడతారు గానీ కుక్క గుండె ఆడదు కదా!

ఆ లెక్కల్లో ఒక వింత బయటపడింది. గడప బయట "హోడీ", అంటే లోపలికి రావచ్చా అని పిలిచి, కాసేపు ఆగి లోపలికెళ్లిన సిట్టర్ల దగ్గర కుక్కలు అసలు మొరగడం లేదు.

"తాళం వేసిన ఇంటికి హోడీ ఏంటక్కా? కరీబు, రా తల్లీ అనడానికి లోపల మనిషుండొద్దూ?" అని నవ్వింది, కొత్తగా పనిలో చేరిన చెల్లెలు కెరూబో.

"పెద్ద చెప్పొచ్చావు. చెప్పింది చెయ్యవే."

ఆనాటి నుంచి అందరికీ అదే పాఠం. సిట్టర్లకు ఇంటివాళ్లిచ్చే మార్కులు పెరిగాయి. మొరా కాలు నేల మీద నిలవలేదు.

ఒక వానపూట, కుక్కలు అన్నం కోసం గోల చేసే వేళకు, మొరా తెర వైపు చూసింది. మెడపట్టీలున్న కుక్కలన్నీ నిద్రపోతున్నాయి. అన్నిటి గుండెలూ ఒకే తాళంలో కొట్టుకుంటున్నాయి. ఎప్పుడో ఇంటికి రావలసిన కెరూబో ఇంకా పనిచేసే ఇంట్లోనే ఉంది.

ఫోన్ చేసింది.

"కరీబు అన్నారక్కా..." కెరూబో గొంతు గుసగుసలాడింది. "టీ పెడుతున్నారు..."

మొరా బోడాబోడా, అద్దె బైకు ఎక్కి వానలో పరిగెత్తించింది.

ఆ ఇంట్లో కరెంటు లేదు. తడిసిన కుక్క వాసన, మాడిన పాల వాసన. ఇనుప తలుపు ఊచల్లోంచి చూస్తే, కెరూబో సోఫా అంచున, కొత్త చుట్టంలా ఒద్దికగా కూర్చునుంది. కాళ్ల దగ్గర కుక్క కదలడం లేదు. తాళంచెవి ఆమె గుప్పిట్లోనే ఉంది.

"తలుపు తియ్యవే తల్లీ!"

"వాళ్లు సాగనంపకుండా ఎలా వస్తానక్కా? మర్యాద కాదు..."

పెదాల మీద చిరునవ్వు అలాగే ఉంది. కళ్లలోంచి నీళ్లు ధారగా కారుతున్నాయి.

మొరా ఊచలు పట్టుకుని ఊపింది. తన్నింది. చుట్టుపక్కల వాళ్లను కేకేసింది. ఎవరూ రాలేదు. తను నేర్పిన పాఠమే చెల్లెల్ని పట్టుకుంది. విడిపించే దారి తనకు తెలియదు. ఇక మిగిలింది ఒక్కటే. తనూ హోడీ అని, వాళ్లు రమ్మంటే లోపలికెళ్లాలి. చెల్లెలి చెయ్యి పట్టుకోవాలి. ఆ తర్వాత ఏమైనా కానీ...

బలవంతాన పిలిచింది.

"హోడీ..."

కెరూబో వద్దన్నట్టు తల ఊపింది. ఆమె చూపు వంటింటి వైపు లేదు. మొరా భుజం మీదుగా బయటికి చూస్తోంది.

వాన చప్పుడు ఆగింది.

"కరీబు."

ఆ మాట లోపలి నుంచి రాలేదు. మొరా వెనక నుంచి, మెడకు ఊపిరి తగిలేంత దగ్గర్లోంచి వచ్చింది.