లాండ్రీ రూమ్‌లో మూడో పిలుపు

జెర్సీ సిటీలో మేముండే పాత బిల్డింగ్ బేస్‌మెంట్‌లో లాండ్రీ రూమ్ ఉండేది. చీకటి పడితే అక్కడికి ఒంటరిగా ఎవరూ దిగేవారు కాదు. ఎవరో పేరు పెట్టి పిలుస్తారట... ఎవరని అడిగితే మాత్రం అందరూ మాట మార్చేసేవాళ్ళు.

ఇది అదే బిల్డింగ్‌లో ఉండే దేదీప్య చెప్పగా విన్నది. అప్పటికి తన ఎమ్మెస్ అయిపోయింది, ఉద్యోగం లేదు, వీసా గడువు నెత్తి మీదుంది. తెల్లారితే మాన్‌హాటన్‌లో ఇంటర్వ్యూ. ఉన్న ఒక్కగానొక్క మంచి షర్ట్ కింద డ్రయర్‌లో ఉంది. మహాతల్లి ఇవేం పట్టనట్టు, రూమ్‌మేట్ మౌషుమి తెచ్చిన బెంగాలీ థ్రిల్లర్ చూస్తూ కూర్చుంది!

సినిమా నిండా కలకత్తా వాన, పసుపు టాక్సీలు, వెలిగీ వెలగని వీధి దీపాలు. చీకటి సందులో ఎవరో పేరు పెట్టి పిలుస్తారు. పలికినవాడు తెల్లారేసరికి ఉండడు.

"అది నిశి, రాత్రిపూట పేరు పెట్టి పిలిచే దయ్యం," అంది మౌషుమి గొంతు తగ్గించి. "రెండుసార్లే పిలవగలదు. మూడోసారి పిలిస్తే మనిషే. అప్పటిదాకా పలక్కు."

దేదీప్య పకపకా నవ్వి, షర్ట్ తెచ్చుకోవడానికి బయల్దేరింది.

మెట్లు దిగేకొద్దీ నవ్వు తగ్గింది. కింద ట్యూబ్‌లైట్ కొట్టుకుంటోంది. ఏదో పైపులోంచి నీళ్ళు కారుతున్నాయి... అచ్చం సినిమాలో వానలాగే. వంగి డ్రయర్ తెరిచింది.

ఖాళీ!

"దేదీప్యా..."

మౌషుమి మాట గుర్తొచ్చింది. పలకలేదు.

"దేదీప్యా..." — ఈసారి ఇంకా దగ్గర్నుంచి.

కళ్ళు గట్టిగా మూసుకుంది. చిన్నప్పుడు నేర్చుకున్న శ్లోకం సగంలోనే ఆగిపోయింది.

"దేదీప్యా!"

మూడోది! "ఆఁ... ఆఁ!" అని కెవ్వుమంటూ కళ్ళు తెరిచింది. ఎదురుగా పక్క ఫ్లాట్ వినీత్, చేతిలో ఇస్త్రీ చేసిన షర్ట్.

"గట్ల ఒర్లుతవేందే? ఇంటర్వ్యూ ఉందని నేనే తీస్కపోయి ఐరన్ చేసిన."

"మెట్ల దగ్గరే చెప్పొచ్చు కదరా!"

"మంచి పని మీద పోయేదాన్ని ఎన్క నుంచి పిలుస్తరా ఎవరన్నా? అందుకే లిఫ్ట్‌ల దిగి ఎదురొచ్చిన."

ఇద్దరూ మెషిన్లు పట్టుకుని పడీ పడీ నవ్వారు. దేదీప్యకి కళ్ళనీళ్ళొచ్చేశాయి.

"మూడుసార్లు పిలిపించుకున్నా, సారీరా."

వినీత్ నవ్వు ఆగింది.

"మూడుసార్లేంది? నేను పిలిచింది... ఒక్కసారే."

షర్ట్ చేతిలో ఉందో లేదో కూడా చూసుకోకుండా మెట్లెక్కేశారు. ఉంది, అదృష్టం.

మర్నాడు ఇంటర్వ్యూలో రిసెప్షనిస్ట్ పేరు పిలిచింది. దేదీప్య కదల్లేదు. మళ్ళీ పిలిచింది. ఊఁహూఁ. మూడోసారికి నిదానంగా లేచింది.

ఇంత కంగారు లేని కాండిడేట్‌ని ఎప్పుడూ చూడలేదని అక్కడికక్కడే ఉద్యోగం ఇచ్చేశారు.