కిటికీలో మనిషి సంతకం

మా దీవి ఉత్తరపు కొసన ఉన్న పసుపు ఇంటికి మంచి పేరు లేదు. చీకటి పడ్డాక అటు ఎవరూ పోరు. ధ్రువానికి దగ్గర కావడంతో డిసెంబరులో మాకు పగలనేదే ఉండదు కాబట్టి, ఆ నెలంతా పోరన్నమాట. నలభై ఏళ్లుగా తాళం వేసిన ఇల్లు... అయినా కిటికీ అద్దాన్ని లోపలి నుంచి ఎవరో తుడుస్తూనే ఉంటారని చెప్పుకుంటారు.

అలాంటి ఇంటికి ఓడ్నీ ఒంటరిగా వెళ్లింది. అదీ సంతకం కోసం!

ఓడ్నీ ఇరవయ్యారేళ్లుగా డాక్యుమెంటరీలు నిర్మిస్తోంది. మెడలో తాడుకి కలం, సంచిలో అనుమతి పత్రాల కట్ట — ఇవి లేకుండా ఆమెను చూసినవాళ్లు లేరు. తెరమీద కనబడే ప్రతి మనిషీ సంతకం చేయాలి, కింద సాక్షి కూడా చేయాలి. కొత్తలో ఒకే ఒక్క సంతకం లేక ఆమె మొదటి సినిమా ప్రసారానికి ముందురోజు ఆగిపోయింది. రెండేళ్ల కష్టం మూలకి చేరింది. ఆ దెబ్బతో ఆమెకి సంతకాల పిచ్చి పట్టుకుంది.

"శ్మశానంలో తీసినా సమాధుల చేత వేలిముద్ర వేయించే రకం!" అని కెమెరామన్ యోస్టైన్ ఏడిపించేవాడు. ఆ మాట ఏ ముహూర్తాన అన్నాడో గానీ...

మా ముసలి జాలర్ల మీద ఆమె తీసిన సినిమాకి ప్రాణం హాల్వర్. తొంభై ఒక్కేళ్లవాడు. ఏమడిగినా "ఊఁ" అంటాడు, అంతే. అలాంటివాడు అక్టోబరులో, తను ఒకప్పుడు కాపురమున్న ఆ పసుపు ఇంటి ముందు నిలబడి, చనిపోయిన భార్య ఆస్లోగ్ గురించి పదకొండు నిమిషాలు ఆపకుండా మాట్లాడాడు. తర్వాత మూడు వారాలకే పోయాడు. మళ్లీ తీద్దామంటే మనిషి లేడు.

ఎడిటింగ్‌లో చూస్తే... అతని భుజం వెనక, కిటికీలో ఒక ఆడమనిషి. తలకి రుమాలు, గడ్డం కింద చెయ్యి. పదకొండు నిమిషాలూ కదలకుండా వింటోంది.

"మొహం మసక చేసేద్దాం," అన్నాడు యోస్టైన్, గొంతు తగ్గించి.

"చేసి చూశాను. ముసలాయన చెవీ సగం బుర్రా కూడా మాయమవుతున్నాయి. శుక్రవారం టీవీవాళ్లకి ఇచ్చెయ్యాలి. సంతకం లేదంటే ఈ ముక్క తీసెయ్యమంటారు. ఇది తీసేస్తే ఇంక సినిమా ఏముంది, నా తలకాయ!"

"ఆ ఇంట్లో ఎవరూ లేరు, ఓడ్నీ..."

"లేకపోతే కనబడదు. కనబడిందంటే సంతకం పెట్టాల్సిందే."

బుధవారం మధ్యాహ్నం మూడింటికి ఆమె పడవ దిగింది. డిసెంబరు కదా, అప్పటికే కటిక చీకటి. ఆ ఇంటి తాళంచెవి రేవులో కొట్టు నడిపే ఇంగ్వాల్డ్ దగ్గరుంటుంది. సినిమాలోంచి తీసిన ఆ కిటికీ మనిషి ఫొటో అతనికి చూపించింది. అతను కాఫీ కప్పు మెల్లగా కింద పెట్టాడు.

"ఆస్లోగ్ పిన్ని," అన్నాడు.

"చనిపోయిన ఆస్లోగా?"

"ఇంకెవరనుకున్నావ్ మరి?"

ఓడ్నీ ఫొటో సంచిలో పెట్టేసింది. "సరే... కాస్త తోడు రా ఇంగ్వాల్డ్. సాక్షి కూడా కావాలి."

"తాళంచెవి ఇస్తా. టార్చి ఇస్తా. ఆకలేస్తే జామ్ పూసిన వాఫెల్ ఇస్తా. సాక్ష్యానికి మాత్రం నన్ను పిలవకు తల్లీ! నాలుగున్నరకి ఆఖరి పడవ, మర్చిపోకు."

తలుపు కిర్రుమంది. లోపల బయటికంటే చల్లగా ఉంది. నాలుగడుగులు వేసిందో లేదో టార్చి ఆరిపోయింది. వెనక్కి పోదామనుకుంది... శుక్రవారం గుర్తొచ్చింది. కిటికీ దగ్గర నిలబడి, ఇరవయ్యారేళ్లుగా అందరికీ చెప్పే మాటలే చీకటికీ చెప్పడం మొదలుపెట్టింది.

"అమ్మా... నా పేరు ఓడ్నీ. మిమ్మల్ని అడక్కుండా తీశాం, తప్పయిపోయింది. ఇది టీవీలో వస్తుంది. మీకిష్టం లేకపోతే తీసేస్తాం... ఏదైనా అభ్యంతరం ఉంటే కింద ఖాళీలో రాయొచ్చు."



మేడమీద చెక్క చప్పుడైంది. ఒకసారి... మళ్లీ... ఇప్పుడు మెట్ల మీద. ఒకరి అడుగులు కావవి — ఇద్దరివి!

ఓడ్నీ మెడలోని కలం తీసి, కాగితంతో పాటు కిటికీ గట్టు మీద పెట్టి, గోడవైపు తిరిగి కళ్లు గట్టిగా మూసుకుంది. సంతకం చేసేవాళ్ల మొహంలోకి చూడటం మర్యాద కాదని అలా చేశానంటుంది. పోనీ, అలాగే అనుకుందాం.

కాగితం మీద కలం గీసిన చప్పుడు. ఆగింది. ఒక గుసగుస... చిన్న నవ్వు. మళ్లీ కలం.

కాగితం అందుకుని ఒకటే పరుగు! పడవలో దీపం కింద కూలబడ్డాక గానీ దాన్ని విప్పలేదు.

పేరు, ఆస్లోగ్. చిరునామా, ఈ ఇల్లే. ఫోను నంబరు, లేదు. అభ్యంతరాల ఖాళీలో గుండ్రటి అక్షరాలు:

"ఒక్క ముక్క కూడా కోయకండి. ముప్పై ఏళ్ల కాపురంలో ఈయన ఇంతసేపు మాట్లాడగా నేను వినలేదు."

ఓడ్నీకి నవ్వొచ్చింది. కళ్లలో నీళ్లూ వచ్చాయి. కన్నీళ్లు తుడుచుకుంటూ కింది వరుస చూసింది.

సాక్షి గడి ఖాళీగా లేదు.

వంకరటింకర అక్షరాలు... ఎక్కడో చూసినవే. కట్ట విప్పి, అక్టోబరులో హాల్వర్ సంతకం చేసిన కాగితం తీసి పక్కన పెట్టింది. అదే చేతిరాత. అదే పేరు.

'సాక్షి చెప్పదలచినది' అన్నచోట మాత్రం, ఒకే ఒక్క అక్షరం —

"ఊఁ."