గుహలో అడుగుల చప్పుడు

పొద్దున్నుంచి ఇది ఇరవైమూడో సమ్మతి. మియాషితా ఫుయుకో పలక మీద బొటనవేలు ఆనించింది. పచ్చదీపం వెలిగింది, బాణీ వెళ్లిపోయింది. ఏదో వీడియో ఆటలో కోటమెట్లు ఎక్కే వీరుడికి అది ఇక వినిపిస్తుంది. బాణీ కట్టింది ఆమె కాదు, ఆమె శైలియంత్రం. నలభై ఏళ్లు ఆటలకూ యానిమే బొమ్మల చిత్రాలకూ ఆమె చేసిన సంగీతమంతా మింగి కూర్చుంది మరి! దానికి లేనిదల్లా వేలిముద్ర ఒక్కటే.

“తర్వాతిది మీ పాతదేనండీ,” అన్నాడు ఎదుటి బల్ల దగ్గరి ఒగాతా. టోక్యోలోని ఆ స్టూడియోలో పాతికేళ్లుగా ఆమెతో పనిచేస్తున్న శబ్దపరిశీలకుడు. “మీ మొట్టమొదటి ఆట. గుహ ఘట్టం. యంత్రం బాగుచేసింది.”

ఫుయుకో విన్నది. గుహలోకి అడుగుపెట్టగానే ఆగాల్సిన బాణీ ఆగలేదు. వయొలిన్లు పొంగుకొచ్చాయి.

“ఇక్కడ నాలుగు మాత్రల కాలం ఖాళీ ఉండాలి కదయ్యా!”

“ఖాళీ వస్తే ఆటగాళ్ల ఉత్సాహాన్ని కొలిచే నాడీసూచి పడిపోతుందట. అందుకని పూడ్చేసింది.”

ఆమెకు ఒళ్లు మండింది. ఆ రోజుల్లో ఆట పెట్టెకు ఒకేసారి పలికే గొంతులు మూడే. వీరుడి అడుగులు వినిపించాలంటే ఒకటి నొక్కెయ్యాల్సిందే. ఇరవైనాలుగేళ్ల ఫుయుకో గుహలో మిగతా రెండూ కూడా నొక్కేసింది. చీకట్లో అడుగుల చప్పుడు తప్ప ఇంకేం లేదు. బద్ధకమంటూ నిర్మాత నానా మాటలన్నాడు. తర్వాత పిల్లల ఉత్తరాలు బస్తాలకొద్దీ వచ్చాయి, అక్కడ ఊపిరి బిగబట్టామని. తాను సంగీతకర్తనేనని ఆమెకు నమ్మకం కుదిరింది అప్పుడే.

“ముద్ర వేస్తే పాతది ఏమవుతుంది?”

“చెరిపేస్తారండీ. ఒక బాణీకి ఒకే రూపం. మీకు తెలియని నియమమా?”

“వెయ్యకపోతే?”

ఒగాతా నసిగాడు. “తగువు తేలేదాకా మీ శైలిలో ఉన్నవన్నీ ఆగిపోతాయి, అన్ని ఆటల్లోనూ. మీ ఒప్పందమూ రద్దవుతుంది. ఈ వయసులో మీకెందుకండీ ఈ గొడవ? నాలుగు మాత్రలేగా!”

“నాలుగే. నావంటూ మిగిలినవి అవే. తక్కినదంతా అదిగో, అది కట్టడం లేదూ?”

పలక అంచున, సమ్మతి లేదని చెప్పే ఎర్ర మీట ఉంది. ఇన్నేళ్లలో ఎవరూ ముట్టుకోలేదేమో, దుమ్ము పట్టింది. ఫుయుకో తన పొడవాటి చొక్కా చేతి అంచుతో దాన్ని తుడిచి, నొక్కింది.

గోడమీది తెరల్లో ముప్పై లక్షలమంది ఆడుతున్నారు. సంగీతం ఠక్కున ఆగింది. కోటల్లో, అడవుల్లో, నక్షత్రనౌకల్లో అడుగుల చప్పుడే మిగిలింది. నాడీసూచి దిగజారింది. ఒగాతా తల పట్టుకున్నాడు.

“ఖాళీ ఏర్పడింది. పూడ్చమంటారా?” అని అడిగింది యంత్రం.

ఒగాతా తన బల్లమీది ‘పూడ్చు’ మీట మీదికి చెయ్యి చాపాడు. తెరల్లో ఒక్కరూ ఆట వదిలిపోలేదు. పరుగెత్తేవాళ్లు నడుస్తున్నారు, నడిచేవాళ్లు నిలబడి చుట్టూ చూస్తున్నారు. సూచి మెల్లగా పైకి లేస్తోంది.

ఫుయుకో వేలితో బల్లమీద తాళం వేస్తోంది. నాలుగో మాత్ర అయింది. ఐదోదీ అయింది.

తాను ఊపిరి బిగబట్టి ఉన్నానని ఒగాతాకు అప్పుడు తెలిసింది. “వద్దు,” అన్నాడు యంత్రంతో.