మ్యూట్ నొక్కాక

కరెంటు ఆఫీసు ఫిర్యాదుల గదిలో ఫోన్లెత్తేవాళ్లందరిలోకీ చిలకమ్మ అంటే పేరు. అది అసలు పేరేం కాదు, గొంతులో తీపి చూసి తోటివాళ్లు పెట్టుకున్నది. ఆ తీపి వెనక కిటుకొకటుంది. అవతలివాళ్లు తిడుతుంటే మ్యూట్ నొక్కడం, కసితీరా నాలుగు తిట్టడం, మ్యూట్ తీసి "మీ ఇబ్బంది అర్థమైందండీ" అనడం. చేరిన రోజే పక్క సీటు అక్క నేర్పిన విద్య. ఎవరికీ వినపడదు, కడుపుబ్బరమూ తగ్గుతుంది.

ఆ సాయంత్రం గాలివానకి ఊరు ఊరంతా చీకటైపోయింది. వాన తగ్గితే గాని లైన్‌మెన్ స్తంభమెక్కరు. ఆ మాట చెబితే వినేవాడేడీ? పైగా తనింట్లో ఆరేళ్ల కూతురు ఒక్కతే ఉంది. చూసుకోవాల్సిన పక్కింటి మామ్మ వానలో ఎక్కడో చిక్కుకుపోయింది. షిఫ్టు మారాల్సిన మనిషీ రాలేదు, సీటు వదలడానికి లేదు. చిలకమ్మకి ఒళ్లు మండిపోతోంది. ఎవరి మీద చూపించాలో తెలియని మంట.

సరిగ్గా అప్పుడే తగిలాడో ముసలాయన. "జీతాలు తీసుకోవడం లేదూ? గాడిదలు కాస్తున్నారా అక్కడ?" ఆపితేనా!

ఆమె మ్యూట్ నొక్కింది. "నీ నోరు పడిపోను!"

మ్యూట్ తీసేసరికి అవతల మాట లేదు. వాన చప్పుడూ లేదు. నోరు పెగలక ఎవరో గింజుకుంటున్నట్టు గురగుర... ఆ తర్వాత ఒక ఆడగొంతు, చెవిలోకి ఊదినట్టు.

"పడిపోయిందమ్మా. ఇంకేం చెయ్యమంటావు?"

చిలకమ్మ హెడ్‌సెట్ లాగి బల్ల మీద పడేసింది. "ఏంటే ఆ మొహం, దెయ్యాన్ని చూసినట్టు?" అని పక్క సీటు అక్క నవ్వి, తన కాల్‌లో పడిపోయింది.

కాల్స్ ఆగుతాయా? ఈసారి ఎవరేమన్నా చిలకమ్మ పళ్లబిగువున ఓర్చుకుంది. ఒకడు అమ్మనాబూతులు తిట్టాడు. మ్యూట్ జోలికి పోలేదు. నాలిక చివరికో మాట వచ్చింది... మింగేసింది. ఇంకోటి... అదీ మింగింది. కోపం దాచుకోవడమే నేర్పారు గాని, రాకుండా ఉండడమెలాగో ఎవరూ చెప్పలేదే! ప్రతి కాల్ వెనకా ఎవరిదో ఊపిరి... ఓపిగ్గా... ఎదురుచూస్తూ.

సెల్ మోగింది. కూతురు.

"అమ్మా, ఎప్పుడొస్తావు?"

"వచ్చేస్తా బంగారం. తలుపు గడియ పెట్టుకున్నావా?"

"పెట్టానమ్మా. ఆంటీ లోపలికొచ్చాకే పెట్టాను."

"ఏ ఆంటీ? పక్కింటి మామ్మ వచ్చిందా?"

"మామ్మ కాదు. నీ ఆఫీసు ఆంటీ." పాప గొంతు తగ్గించింది. "నీకు మళ్లీ కోపం ఎప్పుడొస్తుందని అడుగుతోందమ్మా..."